వెనక్కి చాచిన చెయ్యి

మెట్లు పదకొండు. చివరి మెట్టు నుంచి కుర్చీ దాకా తొమ్మిది అడుగులు. తొమ్మిదో అడుగులో ఎడమ చెంప మీద వేడి తగులుతుంది, పక్కన ఎవరో పొయ్యి మూత తీసినట్టు. అక్కడ ఆగాలి.

హెస్టర్ డాబ్సన్ పెదవులు కదలకుండా మరోసారి చెప్పుకుంది. ఆరో నంబరు స్టేజి మీద, చెక్కతోనూ సున్నంతోనూ కట్టిన ఇంగ్లీషు భవనంలో, మెట్ల పైన టీ ట్రే పట్టుకుని నిలబడి ఉంది. నల్ల గౌను, నడుముకు తాళాల గుత్తి, తలమీద తెల్ల లేసు టోపీ. యాభై ఎనిమిదేళ్ళ మనిషి. హాలీవుడ్‌లో మాటల సినిమా మొదలైన నాటి నుంచీ ఇలాంటి ట్రేలు మోస్తూనే ఉంది. హౌస్‌కీపరు, దాది, పడవ టిక్కెట్లమ్మే ముసలమ్మ, దయ్యం ఉందని ముందే చెప్పే వంటమనిషి. తెర మీద ఆమె పేరు ఎనిమిదో తొమ్మిదో వరసలో వస్తుంది. జనానికి పేరు గుర్తుండదు, ముఖం గుర్తుంటుంది. బస్సులో ఎవరైనా “మిమ్మల్ని ఎక్కడో చూశానండీ” అంటే, “మీ అత్తగారింట్లో అయ్యుంటుంది” అనేది.

స్టూడియోలో ఎవరికీ తెలియకూడని సంగతి ఒకటి ఆమె దగ్గర ఉంది. రెండేళ్ళుగా లోకం ఆమెకు పాలు కలిపిన నీళ్ళలోంచి కనిపిస్తోంది. కిటికీ ఎక్కడుందో తెలుస్తుంది, కిటికీలో ఏముందో తెలియదు. మనుషులు రంగుల మచ్చల్లా వచ్చి గొంతులుగా మారతారు. వెనకటి మూగ సినిమాల రోజుల్లో బొగ్గుకడ్డీల దీపాల ముందు పొద్దంతా నిలబడి, సాయంత్రం కళ్ళల్లో ఇసుక పోసినట్టు మంట పుడితే, అందరిలాగే పచ్చి బంగాళాదుంప ముక్కలు రెప్పల మీద పెట్టుకుని పడుకునేది. ఆ దీపాలే తినేశాయని ఆమె నమ్మకం. తనకు అన్నం పెట్టిన వెలుతురు మెల్లగా తన కళ్ళనే నంజుకుంది.

అయినా ఇంతవరకూ నెట్టుకొచ్చింది. అడుగులు లెక్కపెట్టుకునేది, ఆగాల్సిన చోటును చెంపతో కనుక్కునేది. నటుడు ఆగే చోట పెద్ద దీపం పడుతుంది; దాని వెలుతురు కనిపించకపోయినా దాని వేడి అబద్ధం చెప్పదు. దీపాలు అమర్చే గస్ లిండ్‌క్విస్ట్ మూగ సినిమాల నాటి మనిషి. ఆమె పాల్గొనే ప్రతి దృశ్యంలోనూ పెద్ద దీపాన్ని కాస్త ఎడమకు, కాస్త కిందికి దించి పెట్టేవాడు. ఎందుకని ఆమె అడగలేదు. తనకు తెలుసని అతను చెప్పలేదు.

ఇవాళ గురువారం. శనివారం స్టూడియో పైఅంతస్తులో నటుల జాబితా తిరగేస్తారు. ఆరు నెలలకోసారి, ఎవరిని ఉంచుకోవాలో ఎవరిని వదిలేయాలో అప్పుడే తేలుస్తారు. ఈ చిత్రంలో కెమెరా ముందు ఆమెకిది మొదటి రోజు, మొదటి షాట్.

“మిస్ డాబ్సన్, మీరు సిద్ధమేనా?” కింది నుంచి దర్శకుడు వెల్డన్ అడిగాడు.

“టీ చల్లారిపోతోందండీ.”

కెమెరా కదిలింది. ఆమె దిగసాగింది. అంచు అంచుకూ మడమ తాకించి దిగింది. తొమ్మిది, పది, పదకొండు. తర్వాత నున్నటి నేల. ఈ నేల అద్దంలా మెరవాలని కొత్త కెమెరామన్ పట్టుబట్టాడు, అందుకే సుద్దగీతలు చెరిపించేశారు. కెమెరా ఆమె ముందు వెనక్కి జరుగుతూ వస్తోంది. ఆమె ఆగాల్సిన చోటును టేపుతో కొలిచి పెట్టుకున్నారు. నాలుగంగుళాలు అటైనా ఇటైనా ముఖం మసకే. ఆగి, కుర్చీలో కూర్చున్న అమ్మగారికి అయ్యగారి పడవ గురించి ఒక్క మాట చెప్పాలి. కథంతా ఆ మాట మీదనే తిరుగుతుంది.

ఏడు. ఎనిమిది. తొమ్మిది.

చెంప చల్లగా ఉంది.

నిన్న నడిచి చూసినప్పుడు ఉన్న వేడి ఇవాళ లేదు. ఇంకో అడుగు వేసి వెతికింది. ఇంకొకటి. గాలి మాత్రమే తగిలింది.

“కట్” అన్నాడు వెల్డన్. “మిస్ డాబ్సన్, కుర్చీ దాటి వెళ్ళిపోయారు. టీ ఎవరికిస్తున్నారు, గోడకా?”

ఎవరో నవ్వారు.

“గోడకూ మర్యాద చెయ్యాలి కదండీ” అంది హెస్టర్. ఈసారి ఎక్కువమంది నవ్వారు.

మళ్ళీ మెట్లెక్కుతుంటే గస్ కొలత చూసే వంకతో పక్కకు వచ్చాడు. “కొత్త కెమెరామన్ పెద్ద దీపం తీయించేశాడు హెస్టర్. పొద్దున్నే. ముసురుపట్టిన పగలులా ఉండాలట. తెల్లగుడ్డల మీద కొట్టి తిప్పుతున్నాడు వెలుతురుని. నేను చెప్పాను, వినలేదు.”

“నువ్వేం చెప్పావు?”

“నీ ముఖానికి ఆ దీపమే బాగుంటుందన్నాను.”

“పాతికేళ్ళలో ఇదే నీ నోటి నుంచి వచ్చిన మొదటి పొగడ్త, గస్. అదీ పని చెయ్యలేదు.”

రెండోసారి లెక్కనే నమ్ముకుంది. కానీ ఒకసారి భయపడిన కాలు పొట్టి అడుగులే వేస్తుంది. తొమ్మిది పూర్తయి ఆగేసరికి కుర్చీ ఇంకా అడుగు దూరాన ఉంది. ఫోకస్ చూసే అతను కెమెరా పక్కనుంచి తల అడ్డంగా ఊపాడట, ఆమెకు కనిపించలేదు. “ముఖం పిండిముద్దలా ఉంది సార్” అన్న మాట వినిపించింది.

వెల్డన్ కేకలు వేసే మనిషి కాదు. అదే ఇంకా కష్టం. దగ్గరికొచ్చి గొంతు తగ్గించి అన్నాడు: “తిండికి లేద్దాం. వచ్చాక ఒక్క టేక్. అప్పటికీ కుదరకపోతే, మీరేమీ అనుకోకండి, మిస్ ఫెన్విక్ ఖాళీగానే ఉంది. ఆ గౌను ఆవిడకి సరిచేయిస్తాం. మిమ్మల్ని మన డాక్టరుగారు ఒకసారి చూస్తారు. అలసట అయ్యుంటుంది.”

డాక్టరు దగ్గర గోడమీద అక్షరాల అట్ట ఉంటుంది. ఆ అట్టను ఆమె రెండేళ్ళుగా తప్పించుకు తిరుగుతోంది. అది చదవలేదని తేలితే శనివారం దాకా ఆగక్కర్లేదు.

బయట ఎండలో బల్ల మీద కాన్‌స్టన్స్ ఫెన్విక్ అల్లికతో కూర్చుని ఉంది. హెస్టర్ లాగే ఇంగ్లాండులో పుట్టిన మనిషి, అవే వేషాలు వేసే మనిషి. ఇద్దరిలో ఒకరికి దొరికిన టోపీ రెండోవారికి దొరకనిదే. ఆదివారాలు కలిసి టీ తాగుతారు, వారమంతా ఒకరి వేషాలు ఒకరు లెక్కపెట్టుకుంటారు.

“వచ్చావా” అంది కాన్‌స్టన్స్. “ఆ గౌను నడుము దగ్గర నాకు రెండంగుళాలు వదిలితే చాలనుకుంటా.”

“రెండా? దానికి ఇంకో గౌను అతికించాలి.”

“నీ నోటికేం రోగం లేదు. కళ్ళకేమైందే?”

“ఇరవై ఏళ్ళుగా నిన్ను చూసీ చూసీ అలిసిపోయాయి.”

సూదుల చప్పుడు ఆగింది. కాన్‌స్టన్స్ తనవైపు చూస్తోందని హెస్టర్ చర్మానికి తెలిసింది. ఎంతసేపు చూసిందో తెలియదు. తర్వాత సూదులు మళ్ళీ మొదలయ్యాయి. హెస్టర్ రొట్టె ముక్కను తిరిగి కాగితంలో చుట్టేసింది.

గస్ వచ్చి వంగి, కుర్చీ వెనక కింద చిన్న దీపం దాచనా అన్నాడు. ఆ నేల అన్నిటినీ చూపించేస్తుందని ఆమే అంది. దొరికిపోతే అతని ఉద్యోగమూ పోతుంది. అతను టోపీ చేతిలో తిప్పుతూ కాసేపు నిలబడి వెళ్ళిపోయాడు.

వేడి లేకపోతే ఇంకేముంది? హెస్టర్ కళ్ళు మూసుకుంది. మూసుకున్నా తెరిచినా ఇప్పుడు పెద్ద తేడా లేదు.

మూసుకున్న కళ్ళ వెనక ఆమె పుట్టిన ఇంగ్లాండు రేవు పట్నం గ్రిమ్స్‌బీ ఉంది. ఉప్పు చేపల వాసన, రేవు మీద పొగ, వీధి చివర వేట పడవల కొయ్యస్తంభాలు. హెస్టర్ గొప్ప ఇల్లన్నది గేటు బయటి నుంచి కూడా చూడలేదు. తల్లి వలలు అల్లేది. వంటింటి గోడకు కర్ర కట్టి, దానికి వల వేలాడేసి, నిలబడి అల్లేది. వల అల్లడానికి కొయ్యసూదులు కావాలి, వాటికి తాడు చుట్టి నింపి ఉంచాలి. ఆ పని పిల్లలది. హెస్టరూ చెల్లెలు మాడ్ వంతులేసుకుని నింపేవారు. సూది ఖాళీ కాగానే తల్లి తల తిప్పదు, పిలవదు. వల మీంచి కళ్ళు తీయకుండా ఒక చెయ్యి వెనక్కి చాస్తుంది. అరచెయ్యి పైకి తిరిగి ఉంటుంది. నిండు సూది ఆ చేతిలో పడాలి. చీకటి పడ్డాక దీపం ఖర్చని వెలిగించకపోయినా ఆ చెయ్యి ఎక్కడుంటుందో హెస్టర్‌కు తెలుసు. ఒక్కసారి కూడా తప్పలేదు.

ఒక మార్చిలో రేవు ఆఫీసు మనిషి టోపీ తీసి గుమ్మంలో నిలబడ్డాడు. నాన్న వేటకెళ్ళిన పడవ దొరికిందన్నాడు. నాన్న మాట చెప్పలేదు, చెప్పనవసరం లేకపోయింది. తల్లి తిరిగి చూడలేదు. చాలాసేపటికి ఆమె చెయ్యి వెనక్కి చాపింది. పదేళ్ళ హెస్టర్ సూది పెట్టింది. వేళ్ళు సూదితో పాటు పిల్ల చేతిని కూడా పట్టుకున్నాయి, కాసేపు వదల్లేదు.

ఆ తర్వాత నాటకాల కంపెనీలో బట్టలు కుట్టే పని, మూలన నిలబడే వేషాలు, అమెరికా యాత్ర, డెన్వర్‌లో కంపెనీ మూతపడి ఎవరి దారి వారిది కావడం. కంపెనీ నాయిక మాట్లాడే తీరు విని విని నేర్చుకున్న దొరసాని ఇంగ్లీషు. మూగ సినిమాల్లో అది ఎవరికీ పట్టలేదు. తెరకు మాటలొచ్చాక ఆ ఇంగ్లీషే ఆమెకు ఇల్లు కట్టిపెట్టింది. గ్రిమ్స్‌బీ యాస ఒక్క తుమ్ములోనే మిగిలిందని కాన్‌స్టన్స్ ఎగతాళి చేసేది.

గంట మోగింది. అందరూ లోపలికి నడిచారు, అల్లికతో సహా కాన్‌స్టన్స్ కూడా.

హెస్టర్ మెట్లెక్కలేదు. కుర్చీ దాకా వెళ్ళింది. అందులో నాయిక లెనోర్ హేల్ కూర్చుని ఉంది. ఇరవై అయిదేళ్ళ పిల్ల, ఆమె పేరు తెర మీద ఒంటరిగా వస్తుంది.

“మిస్టర్ వెల్డన్, ఒక్క మాట. చెప్పొచ్చో లేదో.”

“చెప్పండి.”

“మిస్ హేల్ నా అడుగుల చప్పుడు విని తిరిగి చూస్తోంది కదండీ. మా దేశంలో అలా ఉండదు.”

సెట్టు మీద మాటలు సన్నగిల్లాయి. ఈ ఊళ్ళో ‘మా దేశంలో’ అన్న ముక్క సరైన యాసలో పలికితే అది చట్టం. ఏ చెంచా ఎటుండాలో, బట్లరు తలుపు ఎంత తెరవాలో, ఇంగ్లీషు గొంతు ఏది చెబితే అదే. బుధవారాల్లో నౌకర్లు బూడిదరంగు చేతిజోళ్ళు తొడుక్కుంటారని కాన్‌స్టన్స్ ఓసారి విసుగులో అనేసింది. మూడు చిత్రాల్లో తొడుక్కున్నారు.

“మరెలా ఉంటుంది?” వెల్డన్ దగ్గరికొచ్చాడు.

“అమ్మగారు చూడరండీ. అడుగు వినిపించగానే చెయ్యి వెనక్కి చాపుతారు. ఇలా, కుర్చీ చేతి మీంచి, అరచెయ్యి పైకి. ట్రే వచ్చి ఆ వేళ్ళకు తగలాలి. తగిలాక మాట. పెద్ద ఇళ్ళలో చిన్నప్పట్నుంచీ అదే అలవాటు.”

చెబుతుంటే తన గొంతు ఎక్కడా వణకకపోవడం ఆమెకే వింతగా ఉంది. వెల్డన్ నమ్మాడో లేదో ముఖం కనిపిస్తే తెలిసేది.

“నేనెప్పుడూ వినలేదే” అన్నాడు చివరికి. “కెమెరా అంతా ఆ చేతి మీదికి పోతుంది. మిస్ ఫెన్విక్, మీరూ అక్కడివారే. ఇది నిజమేనా?”

సెట్టు చివర సూదుల చప్పుడు ఆగిపోయింది.

హెస్టర్ ట్రే మీద కప్పులు సర్దింది. ఒక్క ‘కాదు’ చాలు. ఆ గౌను, ఆ టోపీ, ఆ తాళాల గుత్తి అన్నీ సెట్టు చివరికి, ఆ అల్లిక దగ్గరికి నడిచి వెళ్ళిపోతాయి. కాన్‌స్టన్స్ బ్రైటన్‌లో లాడ్జి నడిపినామె కూతురు, ఆమె కూడా గొప్ప ఇల్లు చూడలేదు. కానీ కాదనడానికి గొప్ప ఇల్లు చూసి ఉండక్కర్లేదు. పైన దూలాల మీద ఎవరో బూటు జరిపారు. ఆ చప్పుడు కూడా వినిపించింది.

“నిజమేనా అంటారేంటి మిస్టర్ వెల్డన్” అంది కాన్‌స్టన్స్ తీరిగ్గా. “పొద్దుట్నుంచీ నేనే చెబుదామనుకుంటున్నా, నా సెట్టు కాదు కదాని ఊరుకున్నా. పెద్ద ఇళ్ళలో అంతే. పనివాళ్ళ వంక తిరిగి చూసేది నిన్నమొన్న డబ్బొచ్చినవాళ్ళు.”

సూదులు మళ్ళీ టిక్కుటిక్కుమన్నాయి.

“నాకు నచ్చింది” అంది లెనోర్, అప్పుడే చెయ్యి చాపి ఉంగరాన్ని చూసుకుంటూ. “మిస్ డాబ్సన్, ఇంత ఎత్తు చాలా?”

హెస్టర్ ట్రే అంచును ఆ వేళ్ళకు ఆనించి చూసింది. “ఇంకో అంగుళం కిందికి తల్లీ. ఏం జరిగినా కదపకు. నేను వస్తా.”

మెట్ల పైన నిలబడింది. ఒక్క టేక్. కింద ఎక్కడో పాలనీళ్ళలో కుర్చీ ఉంది, కుర్చీ అవతల శనివారం ఉంది.

దిగసాగింది. నాలుగు, అయిదు. ఏడో మెట్టు అంచున మడమ జారింది. కప్పు సాసరుకు తగిలి టంగుమంది. ఆగలేదు. పదకొండు. నేల. ఒకటి, రెండు, మూడు. కప్పు జరిగి ట్రే ఒక పక్కకు బరువెక్కింది. దాన్ని సరిచేసేలోపు నాలుగో అడుగో అయిదో అడుగో మర్చిపోయింది.

లెక్క పోయింది. చెంప చల్లగానే ఉంది.

కెమెరా చక్రాలు మెత్తగా వెనక్కి పోతున్నాయి. ఆగితే అయిపోతుంది. ఆగలేదు. ముందు బూడిదరంగు, బూడిదరంగులో ఇంకాస్త నల్లటి మరక, దాని పక్కన తెల్లగా ఏదో. అది చెయ్యే అయ్యుండాలి, లేదా దీపపు గుడ్డ. నిండు సూది పట్టుకుని చీకట్లో నడిచిన పిల్ల ఏనాడూ అడుగులు లెక్కపెట్టలేదు. చెయ్యి ఉంటుందని నడిచేది. హెస్టర్ అలాగే నడిచింది.

ట్రే అంచు మెత్తగా దేనికో తగిలింది. ఆగిపోయింది.

వేళ్ళు ట్రేను తడిమి, పట్టుకున్నాయి.

“పడవ దొరికిందమ్మా” అంది. గొంతులో ఎక్కడో గ్రిమ్స్‌బీ రేవు గాలి సోకింది, దాన్ని ఆపలేదు. “అయ్యగారు దొరకలేదు.”

లెనోర్ స్క్రిప్టులో ఉన్నట్టు లేవాలి, గుండె పట్టుకోవాలి. లేవలేదు. తిరగలేదు. ట్రే అంచును పట్టుకున్న ఆ వేళ్ళు మాత్రం బిగిశాయి, వదల్లేదు. కప్పు సాసరు మీద సన్నగా వణుకుతూ ఉండిపోయింది, చాలాసేపు.

“కట్.”

కెమెరా పక్కనుంచి ఫోకస్ మనిషి గొంతు వచ్చింది: “కనురెప్పల వెంట్రుకలు లెక్కపెట్టొచ్చు సార్.”

వెల్డన్ ఆమె పక్కనుంచి వెళుతూ భుజం మీద చెయ్యి వేసి తీశాడు. డాక్టరు మాట మళ్ళీ ఎత్తలేదు.

సాయంత్రం ట్రాముకోసం హెస్టర్, కాన్‌స్టన్స్ గేటు బయట నిలబడ్డారు. వరసగా వచ్చే బండ్లలో తమది ఏదో హెస్టర్‌కు తెలియదు. కాన్‌స్టన్స్ కదిలితే తనూ కదలొచ్చని ఆగింది.

“ఎంత కనిపిస్తుందే నీకు?” కాన్‌స్టన్స్ రోడ్డు వైపే చూస్తూ అడిగింది.

“నీ ముక్కు కనిపిస్తుంది. మిగతాది ఊహించుకుంటా.”

“అనుకున్నా.”

“మరి ఎందుకు చెప్పావు అలా? ఒక్క ముక్క కాదంటే ఆ గౌను నీది.”

“ఆ మెట్లు చూశావా? ఓహో, చూళ్ళేదు కదా. పదకొండు. నా మోకాళ్ళు మూడు దాటవు. ట్రేతో సహా కూర్చుని దొర్లేదాన్ని.” కాన్‌స్టన్స్ గొంతు తగ్గించి, “నీ అబద్ధం బాగుంది కూడా. నా బూడిదరంగు చేతిజోళ్ళ కంటే బాగుంది” అంది. తర్వాత హెస్టర్ మోచెయ్యి పట్టుకుని ట్రామెక్కించింది.

శనివారం జాబితాలో డాబ్సన్ పేరు ఉంది. ఇంకో ఆరు నెలలు. కెమెరామన్‌తో ఏం మాట్లాడాడో గానీ, సోమవారానికల్లా గస్ చిన్న దీపం ఒకటి ఎడమవైపు తిరిగి పెట్టించాడు. ముసురు కాస్త విచ్చినట్టు ఉంటుందట.

చిత్రం వచ్చాక ఆ చెయ్యి ఊళ్ళోని మిగతా స్టూడియోలకూ పాకింది. తెర మీద ఇంగ్లీషు అమ్మగార్లందరూ తిరిగి చూడకుండా చేతులు చాపడం మొదలుపెట్టారు. శిరస్త్రాణాల కాలం నాటి రాణి ఒకామె కూడా చాపింది.

ఆ ఏడు చివర మాడ్ దగ్గర్నుంచి ఉత్తరం వచ్చింది. ఆదివారం టీ దగ్గర కాన్‌స్టన్స్ చదివిపెట్టింది, ఈమధ్య ఉత్తరాలన్నీ ఆమే చదువుతోంది. మాడ్ రాసింది: రేవు వీధి ఆడవాళ్ళం పదిమందిమి వెళ్ళి నీ బొమ్మ చూశాం. ఆ పెద్దింటావిడ చెయ్యి చాపగానే వెనక వరసలో ముసలి ప్రూడెన్స్ ‘సూది ఇవ్వు’ అని పైకే అనేసింది. హాలంతా ఉష్ అన్నారు. ఒక్క సంగతి రాయి అక్కా, అమ్మ చెయ్యి ఆ ఇంటికి ఎలా వెళ్ళింది?

కాన్‌స్టన్స్ చదవడం ఆపింది.

“ఏంటే ఇది? సూదేంటి?”

హెస్టర్ చెప్పింది. వల, గోడ కర్ర, కొయ్యసూది, గుమ్మంలో టోపీ తీసిన మనిషి. పెద్దగా ఏమీ కలపకుండా చెప్పింది. కాన్‌స్టన్స్ అంతసేపూ సూదులు ముట్టుకోలేదు.

“అంటే నేను సాక్ష్యం చెప్పింది గ్రిమ్స్‌బీ వంటింటికన్నమాట” అంది చివరికి.

“పెద్ద ఇల్లేలే. పదకొండుమందిమి ఉండేవాళ్ళం.”

కాన్‌స్టన్స్ ఉత్తరాన్ని కిటికీ వైపు తిప్పి పట్టుకుంది, మిగిలింది చదవడానికి. చదువుతూనే, ఇటు తిరగకుండా, రెండో చెయ్యి వెనక్కి చాపింది.

హెస్టర్ కప్పు నింపి, ఆ చేతిలో పెట్టింది.